పదిహేడో చుట్టు

అంతర్జాతీయ శీతాకాల క్రీడోత్సవంలో పురుషుల పదివేల మీటర్ల మంచు పందేనికి దిగిన పేరెల్లి సైదులు, పదకొండేళ్ళు గడిచినా ఇంకా పరుగు ఆపలేదు. ఆపకూడదని అతనికి రాతపూర్వకంగా చెప్పారు. ఆ పందెం ఇరవై ఐదు చుట్లు, చుట్టుకు నాలుగు వందల మీటర్లు. సైదులు అప్పటికి లక్షల చుట్లు తిరిగి ఉంటాడు గానీ, పుస్తకంలోకి ఎక్కినవి పదహారే.

సైదులు కాలువల విభాగంలో లస్కరు. గట్టు వెంట రోజూ నడుస్తూ గండ్లు పడ్డాయా, తూములు సరిగా ఉన్నాయా అని చూసుకునే ఉద్యోగం. మంచు పందేనికి ఒక మనిషిని పంపమని పైనుంచి ఉత్తరం వచ్చినప్పుడు, మంచు కూడా నీళ్ళే కాబట్టి ఆ ఉత్తరాన్ని కాలువల విభాగానికి మళ్ళించారు. అక్కడివాళ్ళు పదివేల మీటర్ల అనుభవం ఎవరికుందో వెతికారు. సైదులు కాపలా కాసే కాలువ సరిగ్గా పది కిలోమీటర్లు. గోదాం గచ్చు మీద సబ్బునీళ్ళు పోసి మూడు రోజులు శిక్షణ ఇచ్చారు. నాలుగో రోజు అతన్నీ, జట్టు మేనేజరుగా సీనియర్ అసిస్టెంటు భిక్షపతినీ విమానం ఎక్కించారు.

ఈ పందెంలో ఇద్దరిద్దరు జంటగా దిగుతారు. ఒకరిది లోపలి దారి, ఒకరిది బయటి దారి. చుట్టుకొకసారి దారులు మార్చుకోవాలి. సైదులుకు జంటగా వచ్చినవాడు నెదర్లాండ్స్ నుంచి వచ్చిన హెండ్రిక్. అప్పటికి అతనికి ఇరవై రెండేళ్ళు. పదహారో చుట్టు దాకా హెండ్రిక్ నలభై మీటర్లు ముందున్నాడు. ఇరవై ఏళ్ళు గట్టు మీద నడిచిన కాళ్ళు కావడంతో సైదులు అంతకంటే వెనకబడలేదు. అందులో ఎవరికీ వింత కనబడలేదు.

పదిహేడో చుట్టు మొదటి మలుపులో హెండ్రిక్ బూటు కింది కత్తి మంచులో దిగబడింది. అతను బోర్లాపడి, జారుకుంటూ పోయి, గోడకు ఆనించిన దిండ్లకు తగిలాడు. లేచి నిలబడేలోపు సైదులు దాటిపోయాడు. ఆ చుట్టంతా సైదులే ముందు. ఏడు వేల మంది లేచి నిలబడ్డారు. పెద్ద తెర మీద అతని పేరు పై వరసలోకి వచ్చింది. ఆ అక్షరాలు చదవడం అతనికి రాదు గానీ, అంత పొడుగు పేరు అక్కడ ఇంకెవరికీ లేదు కాబట్టి తనదేనని పోల్చుకున్నాడు. ముప్ఫై ఎనిమిదేళ్ళ బతుకులో సైదులు ఏ విషయంలోనైనా అందరికంటే ముందున్నది ఆ ఒక్క చుట్టులోనే. పద్దెనిమిదో చుట్టులో హెండ్రిక్ మళ్ళీ అందుకుని వెళ్ళిపోయాడు.

సొంత ఊళ్ళో ఆ చుట్టును ఎవరూ చూడలేదు. పంచాయతీ ఆఫీసు టీవీ ముందు ఊరంతా కూర్చుంది గానీ, సరిగ్గా అప్పుడే సబ్బు ప్రకటన వచ్చింది. భిక్షపతి కూడా చూడలేదు. ఆయన దగ్గర కొలతల పుస్తకం ఉంది. ప్రతి చుట్టునూ కంటితో చూశాకే అందులో రాయాలి, వరస తప్పకూడదు, కొట్టివేతలు ఉండకూడదు. పదిహేడో చుట్టు వేళకు ఆయన పెన్నులో సిరా అయిపోయింది. పక్క బల్ల దగ్గరికి పోయి పెన్ను అడిగాడు. భాష రాక చేతులతో అడగడం వల్ల కొంత ఆలస్యమైంది. వచ్చేసరికి పద్దెనిమిదోది నడుస్తోంది. పదిహేడు రాయనిది పద్దెనిమిది రాయడానికి లేదు. జంటలో ఇద్దరి లెక్కలూ కుదిరితే తప్ప ఆఖరి చుట్టు గంట కొట్టడానికీ లేదు.

"సారూ, గంట కొడ్తలేరేంది?" అని సైదులు ఇరవై ఆరో చుట్టులో అడిగాడు.

తర్వాతి చుట్టులో భిక్షపతి జవాబు చెప్పాడు. "పదిహేడు రాయలె సైదులూ. నేను చూడలె."

"మరి ఇప్పుడు కొట్టేదే పదిహేడని రాస్కోండ్రి."

"ఇరవై ఏడు తర్వాత పదిహేడెట్లొస్తది? నువ్వే చెప్పు."

సైదులుకు అది న్యాయంగానే తోచింది. ఒక చుట్టు ఆలోచించి, "మరి ఆగాల్నా?" అన్నాడు.

"ఆగితే చెప్పకుంట డ్యూటీ దిగిపోయినట్టు రాస్తరు. నేను పైకి రాసి అడుగుత. జవాబు వచ్చేదాంక తిరుగు."

సైదులు తిరిగాడు. జంట విడిపోకూడదు కాబట్టి హెండ్రిక్ కూడా తిరిగాడు. మొదటి వారం హెండ్రిక్ చాలా కోపంగా ఉన్నాడు. వాళ్ళ సంఘానికి ఫిర్యాదు పెట్టాడు. నిబంధనలను గౌరవించడం మన దేశపు సంప్రదాయమని సంఘం జవాబిచ్చింది. రెండో వారంలో అతను తెలుగు నేర్చుకోవడం మొదలుపెట్టాడు. మిగతా జంటలన్నీ పందెం ముగించుకుని, పతకాలు తీసుకుని, ఇళ్ళకు పోయాయి. క్రీడోత్సవం ముగిసింది. ఆ తర్వాత వేరే దేశాల్లో మరో రెండు క్రీడోత్సవాలు జరిగాయి. వీళ్ళిద్దరూ మాత్రం నెమ్మదించి, చుట్టుకు నిమిషంన్నర చొప్పున తిరుగుతూ ఉన్నారు.

రెండో ఏడు కుటుంబ అనుమతి మీద సైదులు భార్య కళమ్మ వచ్చింది. మెట్ల కింద ఒక గది ఇచ్చారు. ఆమె జొన్నరొట్టెలో పచ్చడి చుట్టి అంచున నిలబడేది, సైదులు పోతూ పోతూ అందుకునేవాడు. హెండ్రిక్‌కు కూడా ఒకటి పట్టుకునేది. మధ్యాహ్నం ఒక గంట సైదులు కునుకు తీసేవాడు. అప్పుడు హెండ్రిక్ అతని తువ్వాలు కొస పట్టుకుని లాక్కుపోయేవాడు. ఒంటిని తాకకూడదని నిబంధన ఉంది గానీ తువ్వాలు గురించి లేదు. హెండ్రిక్‌కు పెళ్ళి కుదిరిన అమ్మాయి నాలుగేళ్ళు చూసి వేరొకరిని చేసుకుంది. పెళ్ళి బట్టల్లోనే వచ్చి, మూడు చుట్లు చేయి ఊపి వెళ్ళింది. ఆ రోజు హెండ్రిక్ తిండి ముట్టలేదు. మధ్యాహ్నం కునుకు వేళకు సైదులే అతనికి తువ్వాలు పట్టాడు.

భార్యాభర్తలు చుట్టుకొక మాట మాట్లాడుకునేవారు. ఒక చిన్న తగాదా తేలడానికి పూట పట్టేది. అందువల్ల మంచి కూడా జరిగింది. విసురుగా ఒక మాట అన్నాక జవాబు వినడానికి నిమిషంన్నర ఆగాలి. ఆలోపు కోపం చాలావరకు దిగిపోయేది. కాపురం ఇంత సాఫీగా ఊళ్ళో ఎన్నడూ సాగలేదని కళమ్మ అనేది.

భిక్షపతి రాసిన ఉత్తరానికి పద్నాలుగు నెలలకు జవాబు వచ్చింది. తప్పిపోయిన చుట్టు నీళ్ళ రూపంలో తప్పిపోయిందా, మంచు రూపంలోనా తెలియజేయమని అందులో ఉంది. మంచు రూపంలో అని ఆయన రాశాడు. రెండేళ్ళకు మరో ఉత్తరం వచ్చింది. దాన్ని ఆవిరి నష్టం కింద చూపవచ్చునేమో పరిశీలించమన్నారు. ఆయన పరిశీలించాడు. ఆవిరి నష్టం ఎండాకాలానికే వర్తిస్తుందని తేలింది. ఆయనా మంచివాడే. పదకొండేళ్ళూ ఆ బల్ల దగ్గరే, శాలువా కప్పుకుని, పుస్తకం తెరిచి కూర్చున్నాడు. చూడనిది రాయమని ఎంతమంది చెప్పినా రాయలేదు.

సైదులు కూతురు మమత పందెం మొదలైనప్పుడు నాలుగేళ్ళది. ఊరి దగ్గర గురుకులంలో చదువుతూ ఏటా వేసవి సెలవులకు వచ్చేది. తండ్రి అంటే ఆమెకు నిమిషంన్నరకు ఒకసారి, నడుం వంచి, ఒక చేయి వీపు మీద పెట్టుకుని దాటిపోయే మనిషి. పదకొండేళ్ళు నిండాక పదో తరగతి పాసై, ఇంటర్‌లో చేరే దరఖాస్తు పట్టుకుని వచ్చింది. దానికి తండ్రి ఫోటో అతికించాలి. తీసిన ప్రతి ఫోటోలోనూ సైదులు ఒక నీలం గీతలా పడ్డాడు. తండ్రి స్పష్టంగా లేడని రాసి కాలేజీవాళ్ళు దరఖాస్తును మూడుసార్లు తిప్పి పంపారు.

"నాయినా, ఒక్కపారి ఆగరాదు?" అంది మమత.

"ఆగితే రాస్తరు బిడ్డా," అన్నాడు సైదులు తర్వాతి చుట్టులో.

"రాస్తే రాయనియ్యి. నిన్నెప్పుడన్న ఆగంగ చూసిన్నా నేను?"

ఆ చుట్టూ, తర్వాతి చుట్టూ సైదులు కూతురు నిలబడ్డ వైపు చూడకుండా పోయాడు. మూడోసారి వచ్చేసరికి ఆమె అక్కడ లేదు. మెట్ల మీద తల్లి పక్కన కూర్చుని దరఖాస్తు మడతలు సాపు చేసుకుంటోంది.

ఆ మే నెలాఖరుకు భిక్షపతి రిటైరవుతున్నాడు. బాధ్యతలు అప్పగించేలోపు పుస్తకం మూయాలి. మూయకపోతే కొత్తగా వచ్చే మనిషి మొదటి చుట్టు నుంచి తనే చూస్తానంటాడు, అది అతని హక్కు. భిక్షపతి నెల రోజులు పాత సర్క్యులర్లు తిరగేశాడు. చివరికి ఒకనాటి ఉదయం అంచుకు వచ్చి నిలబడి, "ఒక దారుంది సైదులూ," అన్నాడు.

సైదులు చుట్టి వచ్చి, "చెప్పుండ్రి," అన్నాడు.

"పదిహేడో చుట్టు నువ్వు కొట్టనే లేదని రాసియ్యాలె. కొట్టకుంటే, ఇప్పుడు కొట్టొచ్చు. నేను చూస్త, రాస్త. ఆ తర్వాతయి ఎన్మిది గూడ వరసగ కొట్టేస్తే ఇరవై ఐదైతై. గంట కొడ్తరు."

సైదులు ఆ చుట్టులో కొంచెం తడబడ్డాడు. పదకొండేళ్ళలో అతను తడబడడం అదే మొదటిసారి. "సారూ, అదొక్కటే గదా నేను ముందున్నది," అన్నాడు.

"నాకు తెల్వదు. నేను చూడలె," అన్నాడు భిక్షపతి. ఆ మాట అంటున్నప్పుడు ఆయన ముఖం బాగాలేదు.

సైదులు రెండు రోజులు అలాగే తిరిగాడు. మూడో రోజు దారులు మార్చుకునే చోట హెండ్రిక్ పక్కకు వచ్చాడు. అతనికి అప్పటికి ముప్ఫై మూడేళ్ళు, ముందు వైపు జుట్టు పలచబడింది.

"సైదులన్నా, నీ మనసుల ఏముందో చెప్పు."

"నువ్వు చెప్పు తమ్మీ. ఆనాడు నేను ముందున్ననా, లేనా?"

"ఉన్నవు. నేను పడ్డ. మోకాలికి మచ్చ గూడ ఉంది."

"ఆ చుట్టు లేదని రాసియ్యమంటున్నరు."

"నాకు చెప్పిండ్రు. నువ్వు కొట్టకపోతే నేను పడ్డది గూడ కుదరదంట. నేను పడలేదని నన్ను గూడ రాసియ్యమన్నరు. మచ్చ పుట్టుమచ్చ అని డాక్టరు కాయితం ఇస్తడంట."

ఇద్దరూ ఒక చుట్టు పక్కపక్కనే తిరిగారు. తర్వాత హెండ్రిక్ మెల్లగా అన్నాడు. "అన్నా, మా అమ్మకు చూపు తగ్గింది. పోయిన నెల వచ్చి, నీ వైపు తిరిగి నా పేరు పెట్టి పిలిచింది. నువ్వు గూడ చూసినవు గద."

సైదులు చూశాడు. ఆమె బాధపడుతుందని, తానే చేయి ఊపి పలికాడు కూడా. అతను ముందుకు పోయి, కళమ్మ నిలబడ్డ చోటికి వచ్చాడు. రొట్టె తీసుకోలేదు.

"కళమ్మా, నువ్వేమంటవ్? నేను ముందున్న చుట్టు."

కళమ్మ నిమిషంన్నర ఆగి, భర్త మళ్ళీ వచ్చాక చెప్పింది. "నేను టీవీల చూడకున్నా, నువ్వు చెప్పినవ్, నేను నమ్మిన. సంతకం పెట్టినా నమ్ముత. పెట్టు."

ఆ మధ్యాహ్నం అట్ట మీద కాగితం పెట్టి భిక్షపతి అంచున పట్టుకున్నాడు. సైదులు పోతూ పోతూ నాలుగు చుట్లలో సంతకం చేశాడు. మొదటి చుట్టులో పే, రెండో చుట్టులో సై, మూడో చుట్టులో దులు, నాలుగో చుట్టులో కింద గీత. తర్వాత హెండ్రిక్ చేశాడు. డాక్టరు వచ్చి, హెండ్రిక్ వెంట అర చుట్టు పరుగెత్తి మోకాలు చూసి, అది పుట్టుమచ్చేనని ధ్రువీకరించాడు. అప్పుడు భిక్షపతి కొత్త పెన్నుతో పుస్తకం తెరిచి, కళ్ళద్దాలు తుడుచుకుని, "ఇగ కొట్టు," అన్నాడు.

సైదులు పదిహేడో చుట్టు కొట్టాడు. హెండ్రిక్ పడలేదు, నలభై మీటర్లు ముందే ఉన్నాడు. భిక్షపతి రెప్ప వేయకుండా చూసి రాశాడు. ఇరవై నాలుగో చుట్టు చివర గంట మోగింది. గంట ఎలా ఉంటుందో ఇద్దరూ మరిచిపోయారు గనక ఉలిక్కిపడ్డారు. ఇరవై ఐదోది ముగించి గీత దాటారు. సైదులు సమయం పదకొండేళ్ళ మూడు నెలల నాలుగు రోజుల ఏడు గంటల పన్నెండు నిమిషాల నలభై ఒక్క సెకన్లుగా నమోదైంది. చిట్టచివరి స్థానం. అతనికంటే ముందు స్థానం హెండ్రిక్‌ది.

ఆగడం ఎలాగో సైదులుకు వెంటనే అందలేదు. గోడ పట్టుకుని కాసేపు ఊగి, తర్వాత నిలబడ్డాడు. నడుం నెమ్మదిగా నిటారుగా లేచింది. మమత దగ్గరికి వచ్చి తల పైకెత్తి చూసింది.

"నాయినా, నువ్వు గింత పొడుగుంటవా?" అంది. తర్వాత అతని చేతిని రెండు చేతులతో పట్టుకుంది. ఎక్కడికీ పోకపోయేసరికి ఇంకా గట్టిగా పట్టుకుంది. ఫోటో బాగా వచ్చింది. కాలేజీవాళ్ళు దరఖాస్తు తీసుకున్నారు.

హెండ్రిక్ కౌగిలించుకుని, "ఉంట అన్నా," అని తల్లి దగ్గరికి వెళ్ళిపోయాడు. భిక్షపతి పుస్తకం అప్పగించి, నెలాఖరుకు రెండు రోజుల ముందే ఇల్లు చేరాడు. కాలువల విభాగంలో సన్మానం జరిగింది. ఇంజనీరు గారు శాలువా కప్పి, నాలుగు మాటలు చెప్పమన్నారు. సైదులుకు మైకు కొత్త. "ఒక చుట్టుల మాత్రం నేను ఆయనకంటే ముందు..." అని మొదలుపెట్టాడు. సూపరింటెండెంటు దగ్గినట్టు చేసి బల్ల మీదున్న కొలతల పుస్తకం వైపు చూశాడు. సైదులు కూడా చూశాడు. "ముందు ఉండాలనుకున్న, కానీ ఉండలె," అన్నాడు. అందరూ చప్పట్లు కొట్టారు. ఇంటికి వస్తూ దారిలో అతను కళమ్మను, "నేను ముందున్ననని నీకు ఎవరు చెప్పిండ్రు?" అని అడిగాడు. అడగడంలో ఎకసెక్కం ఏమీ లేదు, నిజంగానే అడిగాడు. కళమ్మ కాసేపు అతని ముఖం చూసి, "ఎవరో చెప్పిండ్రు తియ్యి," అంది.

జూలైలో సైదులు మళ్ళీ డ్యూటీలో చేరాడు. గట్టు వెంట నడుస్తూ మొదటి రోజే కాలువ చివరికి చేరాడు. అక్కడ వట్టె ముత్తయ్య అనే ముసలి రైతు నిలబడి ఉన్నాడు. అతని నారుమడి పసుపు రంగుకు తిరిగింది. కాలువ అడుగున మట్టి పెళ్ళలు పెళ్ళలుగా నెర్రెలిచ్చి ఉంది. వాటి మధ్య ఒక మేక పడుకుని నెమరేస్తోంది.

"ఏంరా సైదులూ, నీళ్ళేవి?" అన్నాడు ముత్తయ్య.

వెనకటి రోజుల్లో అయితే సైదులు ఇంజనీరు గారి ఇంటిదాకా సైకిలు తొక్కుకుంటూ పోయి, అరుగు మీద కూర్చుని, తూము తెరిపించి గానీ లేచేవాడు కాదు. ఇప్పుడు సంచిలోంచి నీటి మట్టం పుస్తకం తీశాడు. ఆ తేదీకి ఆఫీసులో ముందే రాసి ఇచ్చారు.

"నాలుగడుగులున్నయ్ మామా."

ముత్తయ్య కాలువలోకి చూశాడు. పుస్తకం వైపు చూశాడు. అతనికి చదువు రాదు. వేలితో ఆ గడి ముట్టుకుని, "సంతకమున్నదా?" అన్నాడు.

"ఉంది."

పొద్దు ఎక్కుతోంది, ముత్తయ్య ఇల్లు అవతలి గట్టున ఉంది. చెప్పులు విప్పి చేత్తో పట్టుకున్నాడు. బీడీల కట్ట తలపాగాలో దోపుకున్నాడు. పంచె మోకాళ్ళ పైకి, అక్కడినుంచి నడుం దాకా ఎగ్గట్టుకుని కాలువలోకి దిగాడు. చెప్పులు తల మీదికి ఎత్తి పట్టుకుని, ఒక్కొక్క అడుగే తడిమి వేస్తూ, మేక పక్కనుంచి నడవసాగాడు.

సైదులు గట్టు అంచుకు వచ్చి, అతను సగం దాటేదాకా కళ్ళార్పకుండా చూశాడు.

"పైలం మామా," అని కేకేశాడు. "నడుమ లోతుంటది."